చివరి చికిత్సపై ఎవరి మాట చెల్లాలి?

2004 డిసెంబరులో హైదరాబాదులోని హైకోర్టు తలుపు తట్టింది ఒక తల్లి. పాతికేళ్ల ఆమె కొడుకు చదరంగం క్రీడాకారుడు. కండరాలు క్షీణించే వ్యాధి అతణ్ని వెంటిలేటరు మీదికి చేర్చింది. ఎలాగూ బతకనప్పుడు, అవయవాలు పాడవకముందే దానం చేసి వెళ్లిపోతానన్నది అతని కోరిక. మెదడు పూర్తిగా ఆగిపోయిందని వైద్యులు నిర్ధారించకుండా అలా చేయడానికి 1994 నాటి అవయవ మార్పిడి చట్టం ఒప్పుకోదు. కోర్టు కాదంది. ఆ నెలలోనే అతను కన్నుమూశాడు.

అతను అడిగినదాన్ని నేటి చట్టం కూడా ఇవ్వదు. కానీ తన ముగింపు గురించి రోగి మాటకు విలువ ఎంత అన్న ప్రశ్న మాత్రం అక్కడితో ఆగలేదు. గౌరవంగా జీవించే హక్కులో గౌరవంగా మరణించడమూ ఉందని సుప్రీంకోర్టు 1996లోనే గియాన్ కౌర్ కేసులో చెప్పి ఉంది. 2006లో మన తెలుగు న్యాయమూర్తి జస్టిస్ ఎం.జగన్నాధరావు అధ్యక్షతన లా కమిషన్ దీనిపై ప్రత్యేకంగా నివేదిక ఇచ్చింది. 2011లో, దశాబ్దాలపాటు అచేతనంగా మంచానపడ్డ ముంబయి నర్సు అరుణా శాన్‌బాగ్ కేసులో వచ్చిన సుప్రీంకోర్టు తీర్పు, హైకోర్టు అనుమతితో ప్రాణాధార చికిత్స ఆపవచ్చని దారి తెరిచింది. 2018 మార్చి 9న అదే కోర్టులో అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ముందస్తు వీలునామాకు, అంటే చెప్పలేని స్థితి వస్తే తనకు ఏ చికిత్స వద్దో మనిషి ముందే రాసిపెట్టుకునే పత్రానికి, చట్టబద్ధత ఇచ్చింది.

అయితే దానిపై మేజిస్ట్రేటు సంతకం కావాలన్నారు. మంచాన పడ్డవాళ్లు కోర్టుకెలా వెళ్తారు? అయిదేళ్లపాటు ఆ హక్కు చాలావరకు కాగితం మీదే ఉండిపోయింది. 2023 జనవరిలో నియమాలు సడలించారు. ఇప్పుడు ఇద్దరు సాక్షులతో పాటు నోటరీ లేదా గెజిటెడ్ అధికారి ధ్రువీకరిస్తే చాలు. కోలుకునే ఆశ లేదని రెండు వైద్య బోర్డులు తేల్చాకే దాన్ని అమలు చేస్తారు. మందిచ్చి ప్రాణం తీయడం మాత్రం నేటికీ నేరమే.

చికిత్స ఆపినంత మాత్రాన నొప్పి ఆగదు. 1985 నాటి మాదకద్రవ్యాల చట్టం భయంతో, నల్లమందు నుంచి తీసే నొప్పి మందు మార్ఫిన్ దొరకక క్యాన్సర్ రోగులు ఏళ్ల తరబడి అల్లాడిపోయారు. నా దృష్టిలో మన వైద్యచరిత్రలో ఇంతకన్నా క్రూరమైన అధ్యాయం లేదు. 2014 సవరణ ఆ చిక్కుముడిని కొంత విప్పింది. హైదరాబాదు రెడ్‌హిల్స్‌లోని ఎం.ఎన్.జె. క్యాన్సర్ ఆసుపత్రిలో, నొప్పినీ బాధనూ తగ్గించే ఉపశమన చికిత్స విభాగం పేదలకు ఆ ఊరట అందిస్తోంది.

"అనాయాసేన మరణం" అని గుడిలో దండం పెట్టుకునే పెద్దలు మన ఇళ్లలో ఉన్నారు. వెంటిలేటరు పెట్టాలా వద్దా అని డాక్టరు అడిగే రోజున, నాన్నగారికి ఏది ఇష్టమో తెలియక ఐసీయూ బయట పిల్లలు ఒకరి మొహం ఒకరు చూసుకుంటారు. గుడిలో దేవుడికి చెప్పుకున్న ఆ మాట ఇంట్లో వాళ్లకు ఎవరూ చెప్పలేదు.