సొంత న్యూస్ సైట్ పెట్టడం మీద అపోహలు - వాస్తవాలు: కీవ్‌లో ఒలెనా ప్రితులా ఇరవై ఒక్కేళ్లు

నేను డిజిటల్ డెస్కుల్లోకి వచ్చి పదిహేనేళ్లు దాటింది, ముందు ఒక పేపర్ వాళ్ల వెబ్‌సైట్లో సబ్ ఎడిటర్‌గా చేశా, తర్వాత ఇంకో ఇద్దరితో కలిసి చిన్న సైట్ పెట్టా, ఇప్పటికీ దాన్నే నడుపుతున్నా. నెలకి ఒకరిద్దరైనా మెసేజ్ పెడతారు, "అన్నా, జాబ్ మానేసి సొంతంగా సైట్ పెడదామనుకుంటున్నా, ఎంతవుద్ది" అని. వాళ్లందరికీ నేను చెప్పే పేరు ఒకటే, ఒలెనా ప్రితులా. ఉక్రెయిన్‌లో ఉక్రెయిన్‌స్కా ప్రావ్దా అనే ఆన్‌లైన్ పేపర్‌ని గియోర్గి గోంగాద్జేతో కలిసి 2000లో మొదలుపెట్టి, 2014 దాకా ఎడిటర్‌గా, 2021 దాకా ఓనర్‌గా నిలబడిన మనిషి. మన దగ్గర ఆమె పేరు పెద్దగా ఎవరికీ తెలీదు, నాకది బాధగానే ఉంటుంది. అందుకే ఈ ఫీల్డ్ మీద తరచూ వినే అపోహలన్నీ ఆమె కెరీర్ పక్కన పెట్టి ఒకసారి చూద్దాం.

అపోహ: డొమైన్, హోస్టింగ్ కొంటే సైట్ అయిపోయినట్టే

మొదలుపెట్టడం చవకే, అందులో అబద్ధం లేదు. ఉక్రెయిన్‌స్కా ప్రావ్దా కూడా కొద్దిమందితోనే మొదలైంది. కానీ ఎప్పుడు, ఎందుకు మొదలైందో చూడండి. 2000 ఏప్రిల్ 16న అది ఆన్‌లైన్లోకి వచ్చింది, సరిగ్గా అదే రోజు అక్కడ ప్రెసిడెంట్ కుచ్మా అధికారాలు పెంచే రిఫరెండం, అంటే జనం ఓటుతో తేల్చే ప్రశ్న, జరుగుతోంది. పెద్ద టీవీ ఛానళ్లు అప్పటికే ప్రభుత్వానికి దగ్గరైన కోటీశ్వరుల చేతుల్లోకి పోయాయి, గోంగాద్జే టీవీలో రేడియోలో పనిచేసినవాడే, అక్కడ అడగాల్సింది అడగనివ్వరని అర్థమైపోయింది. ప్రితులా ఏమో ప్రెసిడెంట్ ఆఫీసు వార్తలు కవర్ చేసిన ఏజెన్సీ రిపోర్టర్. అప్పట్లో ఆ దేశంలో ఇంట్లో ఇంటర్నెట్ ఉన్నవాళ్లు చాలా తక్కువ, అయినా వేరే దారి లేక వెబ్‌లోకి వచ్చారు. ఇంకెక్కడా రాని వార్త మా దగ్గరే వస్తుంది అనే ఒక్క కారణం ఉంది వాళ్లకి. నాకు మెసేజ్ పెట్టేవాళ్లని నేను అడిగేది కూడా ఇదే, నీ సైట్లో తప్ప ఇంకెక్కడా దొరకనిది ఏం రాస్తావ్ అని. చాలామంది టెంప్లేట్ గురించి, లోగో గురించి చెప్తారు.

అపోహ: గోంగాద్జే హత్య వల్లే ఆ సైట్‌కి పేరొచ్చింది, అదృష్టం అంతే

ఈ మాట మన జర్నలిస్టులే ఒకసారి నా ముందు అన్నారు, నాకు ఒళ్లు మండింది. ఏం జరిగిందో చెప్తా. 2000 జూలైలోనే గోంగాద్జే తనని ఎవరో ఫాలో అవుతున్నారని ప్రాసిక్యూటర్‌కి బహిరంగ లేఖ రాశాడు. సెప్టెంబర్ 16 రాత్రి ప్రితులా అపార్ట్‌మెంట్ నుంచి ఇంటికి బయల్దేరాడు, భార్య, ఇద్దరు చిన్నపిల్లలు ఇంటి దగ్గర ఎదురుచూస్తున్నారు, చేరలేదు. వయసు 31. నవంబర్‌లో టరాష్చా దగ్గర అడవిలో తల లేని శవం దొరికింది. అదే నెల 28న ప్రతిపక్ష నాయకుడు మొరోజ్ పార్లమెంటులో, ప్రెసిడెంట్ ఆఫీసులో రహస్యంగా రికార్డు చేసిన టేపులున్నాయని, వాటిలో గోంగాద్జేని వదిలించుకోవాలని కుచ్మా మాట్లాడినట్టుందని బయటపెట్టాడు, కుచ్మా మాత్రం నాకు సంబంధం లేదన్నాడు. 2008లో ముగ్గురు పోలీసులకి, 2013లో పుకాచ్ అనే పోలీస్ జనరల్‌కి శిక్ష పడింది, చేయించింది ఎవరన్నది మాత్రం కోర్టులో తేలలేదు.

ఇప్పుడు ఆలోచించండి. సైట్ పెట్టి ఐదు నెలలు, తోడుగా పెట్టినవాడు మాయమయ్యాడు, అతన్ని చివరిగా చూసిన మనిషివి నువ్వే, పోలీసులు నిన్నే పిలిచి అడుగుతున్నారు, ఆ పోలీసుల్లోనే చంపినవాళ్లున్నారు. ఆ పరిస్థితిలో మర్నాడు సైట్ అప్‌డేట్ చేయాలి. జనం వచ్చింది ఆ వార్త కోసమే, నిజమే, కానీ ఒక వార్త కోసం వచ్చిన జనం ఆ వార్త చల్లారగానే పోతారు, మన ఫీల్డ్‌లో ఉన్న ఎవర్నడిగినా చెప్తారు, ఒక వీడియో వైరల్ అయితే మూడు రోజులు సర్వర్ తట్టుకోలేదు, నాలుగో రోజు గ్రాఫ్ మళ్లీ నేలకే. వచ్చినవాళ్లని ఇరవై ఏళ్లు నిలబెట్టడం అదృష్టం కాదు, రోజూ పొద్దున లేచి చేసిన పని.

అపోహ: ఇప్పుడంతా సోషల్ మీడియానే, వెబ్‌సైట్ ఎందుకు

2013 నవంబర్ 21న ఐరోపా యూనియన్‌తో ఒప్పందం ఆపేస్తున్నామని ఉక్రెయిన్ ప్రభుత్వం ప్రకటించిన రాత్రి, ముస్తఫా నయ్యెం అనే రిపోర్టర్ ఫేస్‌బుక్‌లో నాలుగు ముక్కలు రాశాడు, ఎవరెవరు అర్ధరాత్రిలోపు మైదాన్‌కి (కీవ్ నడిబొడ్డున ఉన్న పెద్ద చౌరస్తా) రావడానికి రెడీ, లైకులు కాదు కామెంట్ పెట్టండి అని. ఆ రాత్రి మొదలైన గుంపే తర్వాత మైదాన్ ఉద్యమం అయింది. ఇది చెప్పి చూశారా ఫేస్‌బుక్ పవర్ అంటారు. అతను ఉక్రెయిన్‌స్కా ప్రావ్దాలో ఏళ్ల తరబడి నాయకుల అవినీతి మీద రాసిన మనిషి, ఆ బైలైన్ మీద, అంటే వార్త కింద ఉండే అతని పేరు మీద నమ్మకం ఉంది కాబట్టి జనం చలిలో బయటికొచ్చారు. పోస్ట్ ఫేస్‌బుక్‌లో పడింది, దాని వెనక పరపతి సైట్లో పుట్టింది.

అపోహ: పెట్టినవాళ్లే ఎప్పటికీ ఎడిటర్ కుర్చీలో ఉండాలి

మన దగ్గర ఈ జబ్బు చాలా ఎక్కువ. ప్రితులా 2014లో, అంటే సైట్ మంచి ఊపులో ఉన్నప్పుడే, ఎడిటర్ బాధ్యత సెవ్గిల్ ముసయేవాకి ఇచ్చేసింది. ముసయేవాకి అప్పుడు 27 ఏళ్లు, ఉక్రెయిన్‌లోని క్రిమియా ప్రాంతపు తాతార్ జాతి అమ్మాయి, అదే ఏడాది రష్యా ఆ క్రిమియాని ఆక్రమించింది. అంతకుముందు ఆమె పనిచేసిన బిజినెస్ మ్యాగజైన్ చేతులు మారి అధికారానికి దగ్గరైన వ్యాపారి దగ్గరకి పోతే బయటికొచ్చేసింది, అంటే ఓనర్ మారితే ఏమవుద్దో అనుభవించి వచ్చిన మనిషి. 2022లో ఆమెకి అంతర్జాతీయ పత్రికా స్వేచ్ఛ అవార్డు కూడా వచ్చింది. కుర్చీ వదలడం కూడా ఈ వ్యాపారంలో భాగమే, నేనింకా నేర్చుకుంటున్నా.

అపోహ: సైట్ అమ్మేశారంటే అమ్ముడుపోయినట్టే

ఇక్కడ కాస్త ఆగాలి, ఎందుకంటే ఒకే ఊళ్లో ఒకే ఏడాది రెండు రకాల ఉదాహరణలు దొరుకుతాయి.

2021 మే నెలలో ప్రితులా ఉక్రెయిన్‌స్కా ప్రావ్దాని మొత్తంగా డ్రాగన్ క్యాపిటల్ అనే పెట్టుబడుల కంపెనీ అధిపతి, చెక్ దేశస్తుడు తొమాష్ ఫియాలాకి అమ్మింది. వార్తల జోలికి ఓనర్ రాకూడదని మాట తీసుకున్నాకే అమ్మకం, ఎడిటర్‌గా ముసయేవాయే కొనసాగింది, టీమ్ అలాగే ఉంది.

అదే ఏడాది నవంబర్ 8న కీవ్ పోస్ట్ అనే 26 ఏళ్ల ఇంగ్లీష్ పేపర్‌లో దాని ఓనర్, ఒడెసా బిల్డర్ అద్నాన్ కివాన్, పేపర్ కొన్నాళ్లు మూసేస్తున్నాం అని ఉన్నట్టుండి ప్రకటించి న్యూస్‌రూమ్ మొత్తాన్ని తీసేశాడు. అంతకుముందు ఉక్రెయినియన్ ఎడిషన్ పెడతాం అంటూ ఓనర్ పైనుంచి మనిషిని తేవడం మీద జర్నలిస్టులకీ ఆయనకీ గొడవ నడిచింది, మా స్వేచ్ఛకి అడ్డొస్తున్నారని వాళ్లన్నారు. అలా రోడ్డున పడ్డవాళ్లలో ఓ ముప్ఫై మంది అదే నెలలో కొత్త పేరుతో మొదలుపెట్టారు, అదే కీవ్ ఇండిపెండెంట్. ఓల్గా రుదెన్కో ఎడిటర్, డారినా షెవ్‌చెంకో సీఈఓ. ఈసారి వాటాలో కొంత జర్నలిస్టుల చేతిలోనే ఉండేలా కంపెనీ కట్టుకున్నారు.

కాబట్టి అమ్మకం అనేది ఒక్కటే విషయం కాదు. కాగితం మీద ఏం రాసుకున్నారు, ఎడిటర్‌ని తీసే హక్కు ఎవరికుంది, టీమ్ ఆ మాట మీద నిలబడుతుందా, ఇవీ చూడాల్సినవి. మనవాళ్లు పార్ట్‌నర్‌షిప్ పెట్టుకునేటప్పుడు లాభంలో వాటా ఎంతో రాసుకుంటారు, వార్త తీసేయమని చెప్పే హక్కు ఎవరికీ లేదని ఎక్కడా రాసుకోరు. నేను ముందు పనిచేసిన ఒక చోట ఒక కాలేజీ ఫీజుల మీద రాసిన స్టోరీ రాత్రి పదింటికి పబ్లిష్ చేశాం, పొద్దున చూస్తే లింక్ ఓపెన్ అవ్వలేదు, ఎవరు తీశారని అడిగితే ఎవరూ సమాధానం చెప్పలేదు. నా సైట్ పెట్టినప్పుడు మేం ముగ్గురం రాసుకున్న మొదటి లైను దాని గురించే.

అపోహ: డబ్బులొచ్చేది యాడ్స్ నుంచే, పాఠకులు పైసా ఇవ్వరు

2022 ఫిబ్రవరి 24 నాకు బాగా గుర్తు. మనకి పొద్దున ఎనిమిదిన్నర, అక్కడ తెల్లవారుజాము ఐదు, మార్నింగ్ షిఫ్ట్‌లో ఇద్దరమే ఉన్నాం. దాడి మొదలైందన్న ఫ్లాష్ వచ్చిన గంటలోపే ఆఫీసు ఫోన్ మోగడం మొదలైంది, మన పిల్లలు ఖార్కివ్‌లో, వినిత్సియాలో, జపొరిజియాలో మెడిసిన్ చదువుతున్నారు కదా. ఖమ్మం వైపు నుంచి ఒకాయన, "బాబూ, మా అమ్మాయి ఖార్కివ్‌లో ఉంది, టీవీలో ఒకటి చెప్తున్నారు ఫోన్లో ఒకటి చెప్తుంది, ఏది నిజం" అని అడిగాడు. విమానాశ్రయాలు మూసేశారని, మెట్రో స్టేషన్లలో దాక్కోమన్నారని నేను ఆయనకి చదివి వినిపించింది కీవ్ ఇండిపెండెంట్ ట్వీట్లే. మూడు నెలల వయసున్న సైట్ అది. మన పిల్లల్ని వెనక్కి తెచ్చే ఆపరేషన్ గంగ విమానాలు మొదలయ్యేదాకా మా డెస్క్ మీద ఒక స్క్రీన్‌లో అదే తెరిచి ఉండేది.

ఆ రోజుల్లోనే వాళ్ల ఫాలోవర్లు వేలల్లోంచి పది లక్షలు దాటారు. ఉక్రెయిన్ లోపల మాత్రం ప్రకటనల మార్కెట్ ఒక్క రోజులో కుప్పకూలింది, షాపులే మూసేస్తే యాడ్ ఎవరిస్తారు. మరి కీవ్ ఇండిపెండెంట్ వాళ్లు ఎలా బతికారు అంటే, మెంబర్‌షిప్. డబ్బు కడితేనే చదవనిచ్చే పేవాల్ పెట్టలేదు, వార్త అందరికీ ఫ్రీ, ఇష్టమున్నవాళ్లు నెలనెలా కొంత ఇస్తారు, 2023లోనే అలాంటి సభ్యులు 10 వేలు దాటారు, అందులో చాలామంది వేరే దేశాల వాళ్లు. ఇది మనకి అలాగే పనిచేస్తుందని నేననను, ప్రపంచమంతా ఇంగ్లీషులో చదివే యుద్ధవార్తకి వచ్చినంత స్పందన మండలస్థాయి తెలుగు వార్తకి రాదు. కానీ ఆ రోజు ఫోన్ చేసిన నాన్న లాంటి మనిషి, తన పిల్ల క్షేమంగా ఇంటికి రావడానికి పనికొచ్చిన వార్తకి వంద రూపాయలు ఇవ్వడు అని మాత్రం నాకు చెప్పకండి.

అపోహ: విదేశీ గ్రాంట్ తీసుకున్నారంటే వాళ్ల మనుషులే

ఉక్రెయిన్‌లో స్వతంత్ర సైట్లు చాలావరకు గ్రాంట్లు, అంటే తిరిగి కట్టక్కర్లేని సాయం, తీసుకున్నాయి, దాచలేదు కూడా. యాడ్స్ ఇచ్చే పెద్ద వ్యాపారాలన్నీ కొద్దిమంది చేతుల్లోనే ఉన్న దేశంలో, ఆ కొద్దిమంది మీద రాయాలంటే డబ్బు ఇంకో చోటునుంచి రావాలి. అసలు సమస్య వేరే ఉంది, 2025 జనవరిలో అమెరికా తన విదేశీ సాయం ఆపేయగానే అక్కడ చాలా సైట్లకి జీతాలెలా అన్న ప్రశ్న వచ్చేసింది, పాఠకుల్ని సాయం అడగాల్సి వచ్చింది. ఒకే చోట ఆధారపడితే ఎంత మంచివాళ్లు ఇచ్చినా ముప్పే.

అపోహ: రిస్క్ రిపోర్టర్లకే, ఓనర్ ఏసీ గదిలో ఉంటాడు

గోంగాద్జేకి అంత్యక్రియలు జరిగింది 2016 మార్చిలో, చనిపోయిన పదిహేనేళ్ల తర్వాత. దాని తర్వాత నాలుగు నెలలకి, జూలై 20 పొద్దున, పావెల్ షెరెమెత్ రేడియో షో చేయడానికి కారులో బయల్దేరాడు. బెలారస్‌లో జైలుకెళ్లి, రష్యాలో టీవీ చేసి, కీవ్‌కి వచ్చి ఉక్రెయిన్‌స్కా ప్రావ్దాలో చేరిన జర్నలిస్ట్, ప్రితులాకి జీవితంలో తోడు. కొద్ది దూరం వెళ్లేసరికి సిటీ మధ్యలో కారు కింద అమర్చిన బాంబు పేలి చనిపోయాడు. అది ప్రితులా కారు. 2019 డిసెంబర్‌లో ముగ్గుర్ని అరెస్టు చేశారు, వాళ్లు మాకేం సంబంధం లేదన్నారు.

2000లో ఒకసారి, 2016లో ఇంకోసారి, ఆ ఆఫీసులో వాళ్లు తమ మనిషి చావు వార్తని తమ సైట్లో తామే రాసుకోవాల్సి వచ్చింది. ప్రితులా ఆ తర్వాత కూడా ఐదేళ్లు సైట్‌ని తన పేరు మీదే ఉంచుకుంది.