భానుమతి తల వంచకపోవడం వెనుక

నటి భానుమతి ప్రస్తావన వచ్చినప్పుడల్లా ఆమె నటన కంటే ముందు స్వభావాన్ని గురించిన కథలే వినిపిస్తాయి. నిర్మాతలను లెక్కచేయలేదనీ, ఎదుట ఎంతటి నటుడున్నా తగ్గలేదనీ చెప్పుకొంటారు. అవి చాలావరకు నిజమే కావచ్చు గాని, అలా ఉండగలిగే స్థితి ఆమెకు ఎలా దక్కిందన్నది ఆ కథల్లో కనిపించదు. ఆత్మాభిమానం గల నటీమణులు ఆ కాలంలో మరికొందరు లేకపోలేదు. సొంత గొంతు, సొంత సంస్థ రెండూ ఉండటమే భానుమతిని వారి నుంచి వేరు చేసింది.

ఒంగోలు ప్రాంతంలోని దొడ్డవరంలో 1925లో పుట్టిన భానుమతికి సంగీతం తండ్రి బొమ్మరాజు వెంకట సుబ్బయ్య నుంచి అబ్బింది. వరకట్నాన్ని ఎండగట్టిన కాళ్లకూరి నారాయణరావు నాటకాన్ని సి.పుల్లయ్య 1939లో ‘వరవిక్రయం’గా తెరకెక్కించినప్పుడు, అందులో ఆత్మహత్య చేసుకునే కాళింది పాత్ర ఆమెకు దక్కింది. అప్పటికి ఆమె వయసు పద్నాలుగైనా నిండలేదు.

తొలి టాకీలలో మాటతోపాటు పాటనూ కెమెరా ముందే పాడవలసి వచ్చేది; వాద్యకారులు కెమెరాకు అందకుండా పక్కన చేరి వాయించేవారు. అందువల్ల పద్యమో పాటో వచ్చినవారికే వేషాలు దొరికేవి. పాటను వేరుగా రికార్డు చేసే పద్ధతి స్థిరపడటంతో ఆ నిర్బంధం సడలింది. 1943లో వచ్చిన ‘భాగ్యలక్ష్మి’లో కమలా కోట్నీస్‌కు రావు బాలసరస్వతీదేవి పాడిన పాటను తెలుగులో తొలి నేపథ్య గానంగా చెబుతారు. ఆ తర్వాత పదేళ్లు గడిచేసరికి, నాయికకు ముఖం ఒకరిదీ కంఠం మరొకరిదీ కావడం మామూలైపోయింది.

భానుమతి మాత్రం తన పాటను తానే పాడుకున్నారు. సహాయ దర్శకుడు పి.ఎస్.రామకృష్ణను 1943లో పెళ్లాడి సినిమాలకు దూరం కావాలనుకున్న ఆమెను బి.ఎన్.రెడ్డి ‘స్వర్గసీమ’ (1945) కోసం మళ్లీ రప్పించారు. ఆ చిత్రంలోని ‘ఓహోహో పావురమా’ ఆమెను ఇంటింటికీ చేర్చింది. ఆ దర్శకుడే 1951లో తీసిన ‘మల్లీశ్వరి’లో నాయకుడు ఎన్.టి.రామారావుకు ఘంటసాల పాడగా, మల్లీశ్వరికి ఆమె గొంతే వినిపిస్తుంది. ‘మనసున మల్లెల మాలలూగెనే’ పాటను మరోసారి చూస్తే, మాటను ఎక్కడ సాగదీసిందీ, ఊపిరి ఎక్కడ తీసుకున్నదీ ముందే తెలిసిన మనిషి పెదవి కదుపుతున్నదని గ్రహించడం కష్టం కాదు.

ఇక సంస్థ సంగతి. కుమారుడి పేరిట దంపతులు నెలకొల్పిన భరణీ పిక్చర్స్ ‘రత్నమాల’తో మొదలై ‘లైలా మజ్ను’ (1949)తో నిలదొక్కుకుంది. తర్వాత మద్రాసు సాలిగ్రామంలో భరణీ స్టూడియో వెలసింది. 1953లో ‘చండీరాణి’ని తెలుగు, తమిళ, హిందీ భాషల్లో తీసినప్పుడు నటన, పాటలే కాక దర్శకత్వ బాధ్యతను కూడా భానుమతే వహించారు. మరుసటి ఏడు ‘చక్రపాణి’కి సంగీతం కూర్చారు. ఏ నిర్మాత పిలుపు కోసమూ ఎదురుచూడనవసరం లేని ఏర్పాటు అది.

మొదట ఆమెనే నాయికగా తీసుకున్న ‘మిస్సమ్మ’ ఉదంతాన్ని ఈ వెలుగులో చూడాలి. వ్రతం కారణంగా ఆలస్యంగా వచ్చినందుకు క్షమాపణ రాసివ్వాలని నిర్మాత చక్రపాణి పట్టుబట్టారనీ, ఆమె ఒప్పుకోకపోవడంతో అప్పటికి తీసిన రీళ్లను తగలబెట్టించారనీ సినీవర్గాల్లో చెప్పుకొనే కథనం. ఆ పాత్ర సావిత్రికి వెళ్లింది, పాటలు పి.లీల పాడారు. గాయని కాని నటి కూడా అంతటి సంగీత ప్రధాన చిత్రాన్ని మోయగలదని 1955లో అలా రుజువైంది. అంటే భానుమతి మొండితనానికి మూల్యం లేకపోలేదు. అయితే ఆమెకు పోయింది ఒక్క చిత్రమే. ‘మిస్సమ్మ’ విడుదలకు ముందే ఆమె దేవదేవిగా నటించిన భరణీవారి ‘విప్రనారాయణ’ ప్రేక్షకుల ముందుకు వచ్చేసింది.

సమకాలికులతో పోలిస్తే తేడా ఇంకా తెలుస్తుంది. అంజలీదేవికి భర్త ఆదినారాయణరావుతో కలిసి నడిపిన నిర్మాణ సంస్థ ఉన్నా, తెరమీద పాటకు ఇతరుల కంఠం అవసరమైంది. ‘మనదేశం’ (1949) నిర్మించి రామారావును వెండితెరకు పరిచయం చేసిన కృష్ణవేణి స్వయంగా గాయని, నటి. ఆమె భర్త మీర్జాపురం రాజావారికి శోభనాచల స్టూడియో కూడా ఉండేది. ఇన్నీ ఉన్నా ఆమె నటనా జీవితం భానుమతిదంత దీర్ఘకాలం సాగలేదు. కాబట్టి స్వభావానికి అసలు విలువే లేదనడం కూడా సబబు కాదు.

నాయిక వేషాల వయసు దాటాక కూడా ఆ గొంతు ఆమెను వదలలేదు. ‘అంతస్తులు’ (1965)లో ‘దులపర బుల్లోడో’ అని ఆటపట్టించిన భానుమతి, 1984లో ‘మంగమ్మగారి మనవడు’లో నాయనమ్మ వేషం వేసినప్పుడు కూడా తన పాటను మరొకరికి వదిలిపెట్టలేదు.