ఎల్‌ఎస్‌డీ మత్తు ఎందుకు త్వరగా దిగదు?

భ్రాంతులు కలిగించే మత్తుమందు ఎల్‌ఎస్‌డీ రక్తంలో సుమారు మూడు గంటలకే సగానికి తగ్గుతుంది కదా, మరి మత్తు పది పన్నెండు గంటలు ఎందుకుంటుందని ఒక ఫార్మసీ విద్యార్థి అడిగాడు. క్లాసుల్లో 'సెరటోనిన్ గ్రాహకానికి అతుక్కుంటుంది' అని ఒక్క ముక్కలో దాటేస్తాం. సెరటోనిన్ అంటే నాడీకణాల మధ్య సందేశాలు మోసే రసాయనం, గ్రాహకం అంటే దాన్ని అందుకునేది. అసలు మజా ఆ తర్వాతే ఉంది.

ఎలుకబోను తెలుసుగా? ఎలుక లోపలికి వెళ్ళగానే తలుపు పడుతుంది. మన నాడీకణాల మీదుండే ఈ గ్రాహకం నడుమ గుంట ఉన్న ప్రోటీన్. సెరటోనిన్ అందులోకొచ్చి, పని చూసుకుని పోతుంది. ఎల్‌ఎస్‌డీ దూరితే మాత్రం, గ్రాహకం పైఅంచున ఉన్న పోగు ఒకటి వంగి మూతలా కప్పేస్తుంది. అందుకే రక్తంలో తగ్గినా, లోపల చిక్కుకున్నది త్వరగా వదలదు. 2017లో అమెరికాలో బ్రయాన్ రాత్ బృందం ఎక్స్‌రే క్రిస్టలోగ్రఫీతో (స్ఫటికాల మీద ఎక్స్‌రేలు పంపి అణువు ఆకారం కనిపెట్టే పద్ధతి) దీన్ని చూపించింది. వాళ్ళు చూసింది 5-హెచ్‌టీ2బీ అనే రకం సెరటోనిన్ గ్రాహకం. భ్రాంతులు కలిగించే 2ఏ దానికి అన్నదమ్ముడి వరస. మూతలోని ల్యూసిన్ అనే ఒక్క అమైనో ఆమ్లం బదులు అలనిన్ అనే మరో అమైనో ఆమ్లం పెడితే తలుపు వదులైంది, ఎల్‌ఎస్‌డీ తొందరగా బయటపడింది. కణం లోపల బీటా-అరెస్టిన్ అనే ప్రోటీన్ ద్వారా సాగే సంకేతం కూడా బాగా తగ్గింది.

ప్రమాదమూ ఈ బోనులోనే ఉంది. భయం మొదలయ్యాక 'ఇక చాలు' అంటే ఆగదు. 1943 ఏప్రిల్ 19న స్విట్జర్లాండ్‌లో ఎల్‌ఎస్‌డీని తయారుచేసిన రసాయన శాస్త్రవేత్త ఆల్బర్ట్ హాఫ్‌మన్ చాలా తక్కువనుకుని తీసుకున్నది 250 మైక్రోగ్రాములు. సైకిలెక్కి ఇల్లు చేరేసరికే ఆయనకు పిచ్చెక్కుతోందేమోనన్న భయం పట్టుకుంది. హెరాయిన్‌లా వ్యసనం పట్టదన్న మాట నిజమే. కానీ ఇంట్లో స్కిజోఫ్రీనియా ఉన్నవాళ్ళకు ఇది మానసిక రోగాన్ని తట్టిలేపొచ్చు. 'దైవదర్శనం' అని అమ్మేవాళ్ళు ఆ సంగతి చెప్పరు. ఎల్‌ఎస్‌డీ పేరుతో అంటగట్టే ఎన్‌బోమ్ రకం కృత్రిమ మత్తుమందులు ప్రాణాలే తీశాయి.

ఇక చట్టం. మన మత్తుమందుల నిరోధక చట్టం ఎన్‌డీపీఎస్ కింద ఎల్‌ఎస్‌డీ 'చిన్న పరిమాణం' 2 మిల్లీగ్రాములు, 100 మిల్లీగ్రాములు దాటితే 'వాణిజ్య పరిమాణం'. మోతాదుకు 100 మైక్రోగ్రాములు వేసుకుంటే 100 మిల్లీగ్రాములంటే వెయ్యి మోతాదులు. అయితే మత్తుపదార్థంలో కలిసిన ఇతర పదార్థాల బరువునూ లెక్కించాలని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది. మరి మందు అద్దిన బ్లాట్ కాగితం బరువూ కలపాలా అన్నదానిపై హైకోర్టుల్లో వాదనలు నడిచాయి. కలిపితే, ఒక్కోటి 10 మిల్లీగ్రాముల బరువుండే పదకొండు కాగితం ముక్కలు చాలు, అదే వాణిజ్య పరిమాణం: కనీసం పదేళ్ళ కఠిన కారాగారం, సెక్షన్ 37 అడ్డుపడి బెయిలు కూడా ఓ పట్టాన దొరకదు.