లేచిపోదామా అన్న ఒక్క మాట ఇన్నేళ్ళయినా ఎందుకు గుర్తుంటుంది

మా బాబాయి గుంటూరులో ఒక సినిమా హాల్లో ఆపరేటర్‌గా చేశాడు, రీళ్ళు తిరిగే కాలంలో. రోజుకి నాలుగు ఆటలు, ఆడినన్నాళ్ళూ అదే సినిమా, అవే డైలాగులు. మొన్న సంక్రాంతికి అరండల్‌పేటలో వాళ్ళింటికి వెళ్ళినప్పుడు అడిగాను, ఇన్ని వేల ఆటలేశావు కదా బాబాయ్, నీకు బాగా గుర్తుండిపోయిన ప్రేమ డైలాగ్ ఏంటి అని. ఏదో పెద్ద డైలాగే చెప్తాడనుకున్నా. "లేచిపోదామా" అన్నాడు. అంతే. వంటింట్లో అరిసెలు ఒత్తుతున్న పిన్ని కిసుక్కున నవ్వింది.

1989లో వచ్చిన గీతాంజలిలో హీరోయిన్ హీరోని అడిగే మాట అది. "క్యాబిన్ కిటికీలోంచి తొంగి చూడక్కర్లేదురా, ఆ మాట దగ్గరికి వచ్చిందని హాలు వింటేనే తెలిసిపోయేది, ముందు గప్‌చుప్, ఆ తర్వాత నేల టికెట్ వాళ్ళ ఈలలు, మ్యాట్నీకైనా సెకండ్ షోకైనా అదే వరస" అన్నాడు. తిరుగు ప్రయాణంలో విజయవాడ వచ్చేదాకా బస్సులో ఇదే ఆలోచించాను. ఎందుకంటే సైన్స్ లెక్క ప్రకారం చూస్తే మాటలు ఇలా గుర్తుండకూడదు.

1967లో జాక్లిన్ శాక్స్ అనే సైకాలజిస్ట్ ఒక ప్రయోగం చేసింది. కొన్ని పేరాలు వినిపించి, మధ్యలో ఆపి, ఇందాక విన్న వాక్యం ఇదేనా కాదా అని అడిగింది. వాక్యం అర్థం మారిస్తే జనం పట్టేసుకున్నారు, కానీ అర్థం అలాగే ఉంచి మాటల వరస మాత్రం మారిస్తే, ఆ వాక్యం విని అర నిమిషం కూడా కాకముందే పోల్చుకోలేకపోయారు. అంటే మన బుర్ర సారం ఉంచుకుని మాటల్ని వదిలేస్తుంది. నిన్న ఫోన్లో అమ్మ ఏం చెప్పిందో చెప్పగలం, ఏ మాటల్లో చెప్పిందో చెప్పలేం. మరి ఒక సినిమాలో ఒక అమ్మాయి అన్న మాట మాత్రం అక్షరం పొల్లుపోకుండా ముప్పై ఏళ్ళు దాటినా ఎలా ఉండిపోయింది?

దీని మీద నాకు బాగా నచ్చిన పని 2012లో అమెరికాలోని కార్నెల్ యూనివర్సిటీ వాళ్ళు చేశారు, జాన్ క్లైన్‌బర్గ్, లిలియన్ లీ వాళ్ళ టీమ్. దాదాపు వెయ్యి ఇంగ్లీషు సినిమాల స్క్రిప్టులు తీసుకుని, జనం గుర్తుంచుకున్న ప్రతి డైలాగ్ పక్కనా, అదే సీన్లో అదే పాత్ర దగ్గర్లోనే చెప్పిన, అంతే పొడవున్న, ఎవరికీ గుర్తులేని ఇంకో డైలాగ్ పెట్టి పోల్చారు. ఈ పద్ధతిలోనే ఉంది తెలివంతా, ఎందుకంటే నటుడూ సీనూ సందర్భం అన్నీ ఒకటే అయినప్పుడు మిగిలే తేడా మాటలదే కదా. వాళ్ళకి తేలింది ఏంటంటే, గుర్తుండే డైలాగుల్లో వాక్యం తీరు అందరూ రోజూ వాడేదే, కానీ అందులో పడ్డ మాటలు మాత్రం మామూలుగా అక్కడ ఊహించనివి. ఇంకోటి, అవి ఆ కథకే కట్టేసి ఉండవు. అతను, ఆమె లాంటి మాటలు తక్కువ, జరిగిపోయిన సంగతుల కంటే ఇప్పటి సంగతులు ఎక్కువ. అందుకే సినిమాలోంచి ఊడదీసి మన జీవితంలో పెట్టుకున్నా సరిపోతాయి.

ఇప్పుడు మన మాట దగ్గరికి రండి. చేద్దామా, తిందామా, వెళ్దామా, ఈ అచ్చు మనం రోజుకి ఎన్నిసార్లు వాడతామో లెక్కే లేదు. అందులో పోసింది మాత్రం ఏ మాట? లేచిపోవడం. మన ఊళ్ళల్లో ఆ మాట ఎలా వినిపిస్తుందో తెలుసుగా, "ఫలానా వాళ్ళ పిల్ల లేచిపోయిందంట" అని, అరుగు మీద, గొంతు తగ్గించి, ఎప్పుడూ వేరేవాళ్ళ గురించి, ఎప్పుడూ జరిగిపోయాకే. ఎవరూ తన గురించి తాను చెప్పుకోని మాట అది. దాన్ని ఒక అమ్మాయి మొహం మీద నవ్వుతో, తన గురించే, ఇంకా జరగని పని గురించి, టీ తాగుదామా అన్నంత తేలిగ్గా అడిగేసరికి హాలు గప్‌చుప్ అయిపోదా మరి. కార్నెల్ వాళ్ళు ఇంగ్లీషులో లెక్కలేసి చెప్పింది, ఇక్కడ ఒక్క మాటలో కనపడుతుంది.

పైగా ఆ "దాం" ఉంది చూశారూ, అది మనంతోనే వెళ్తుంది, మేముతో వెళ్ళదు. వినేవాణ్ణి కలుపుకుంటే మనం, వదిలేస్తే మేము, ఇంగ్లీషులో వుయ్ అన్న ఒక్క మాటే రెంటికీ. ఎవరు, ఎవరితో, ఎక్కడికి, ఏదీ చెప్పకుండానే "నువ్వూ నేనూ" అనేది ఆ ఒక్క అక్షరంలో కూర్చుంది. ఇంత పొదుపు నాకు అద్భుతంగా అనిపిస్తుంది.

మన భాషలో ప్రేమ వ్యాకరణమే వేరు అసలు. "నేను నిన్ను ప్రేమిస్తున్నాను" అంటే పుస్తకంలో వాక్యం చదివినట్టుంటుంది, "నువ్వంటే నాకిష్టం" అంటే మనిషి మాట్లాడినట్టుంటుంది. మొదటిదాన్లో నేను ఒక పని చేస్తున్నాను. రెండోదాన్లో నేను ఏ పనీ చెయ్యట్లేదు, నాకు ఆకలేస్తోంది, నాకు జ్వరమొచ్చింది, నాకు భయంగా ఉంది అన్నట్టు అది నాకు వచ్చింది, నా చేతిలో లేదు. ద్రావిడ భాషల్లో బాగా కనిపించే వాక్యం తీరు ఇది. తెలుగు సినిమాలో గుండెకి తగిలిన మాటల్లో చాలావాటిలో ఈ "నాకు" ఉంటుందని నా నమ్మకం.

తెలుగులో క్రియ చివరకి రావడం ఇంకో వరం. "నువ్వు లేకుండా నేను ఉండ..." అని ఆగితే, గలను అంటాడో లేను అంటాడో చివరిదాకా తెలీదు. ఈ ఆగడానికి ఎంత బలముందో చెప్తా. 2009లో పది భాషల్లో మామూలు కబుర్లు కొలిచి చూశారు, ఒకరు అడిగాక ఇంకొకరు జవాబు మొదలుపెట్టడానికి సగటున పట్టేది సెకనులో ఐదో వంతు. అంత వేగానికి అలవాటుపడ్డ చెవికి, తెర మీద హీరో రెండు సెకన్లు ఊరుకుంటే అది ఎంత పెద్ద గ్యాపో చూడండి, ఆ రెండు సెకన్లలో మనమే మనసులో జవాబులు చెప్పేసుకుంటాం. 2017లో జర్మనీలోని ఫ్రాంక్‌ఫర్ట్‌లో పరిశోధకులు జనానికి కవితలు వినిపించి ఎక్కడ ఒళ్ళు జలదరిస్తుందో చూశారు. ఎక్కువగా పాదాల చివర్లలో, కవిత ముగిసే చోట. అంతేకాదు, జలదరింపుకి కొన్ని సెకన్ల ముందే మెదడులో ఆనందానికి సంబంధించిన భాగం కదలడం మొదలైంది, అంటే రాబోయేదాని కోసం ఎదురుచూడటం కూడా ఆ సుఖంలో భాగమే. మన డైలాగ్‌లో ఆ చివరి చోట క్రియ కూర్చుని ఉంటుంది.

హాలంతా ఒకేసారి గప్‌చుప్ అవడం గురించి కూడా చెప్పాలి. 2004లో ఉరి హాసన్ అనే మెదడు పరిశోధకుడి టీమ్ ఐదుగురిని ఒక్కొక్కరినే మెదడు స్కానర్లో పడుకోబెట్టి అరగంట సినిమా చూపిస్తే, వాళ్ళ మెదళ్ళలో చాలా భాగాల్లో చురుకుదనం ఒకేలా పెరుగుతూ తగ్గుతూ వచ్చింది, ఎవరికి వాళ్ళు విడిగా చూసినా సరే. బాబాయి విన్నది కూడా అలాంటిదే అనుకుంటా, స్కానర్ లేకుండా.

ఇక ఎమోషన్ సంగతి. 1994లో కాహిల్, మెక్‌గా అనే పరిశోధకుల టీమ్ కొందరికి, గుండెని దడదడలాడించే హార్మోన్లని అడ్డుకుని దాని వేగం తగ్గించే ప్రొప్రనలాల్ మాత్ర ఇచ్చి, ఒక పిల్లాడికి యాక్సిడెంట్ అయ్యే కథ బొమ్మలతో చెప్పారు. మాత్ర వేసుకోనివాళ్ళకి ఆ యాక్సిడెంట్ భాగం మిగతాదానికంటే బాగా గుర్తుంది, వేసుకున్నవాళ్ళకి ఆ తేడా లేదు. గుండె దడదడలాడించే ఆ హార్మోన్లే జ్ఞాపకాన్ని గట్టిపరుస్తాయన్నమాట. దానికి తోడు పదేళ్ళ నుంచి ముప్పై ఏళ్ళ మధ్య జరిగినవి మనిషికి జీవితాంతం ఎక్కువగా గుర్తుంటాయని జ్ఞాపకశక్తి మీద పనిచేసేవాళ్ళు చాలాసార్లు చూశారు. ప్రేమ సినిమాలు మనం మనసుపెట్టి చూసేదీ సరిగ్గా ఆ వయసులోనే.

ఇవన్నీ ఇంటికెళ్ళాక ఫోన్లో చెప్తే బాబాయి ఓపిగ్గా విన్నాడు. విని, ఇంకో సంగతి చెప్పాడు. ఆ సినిమా ఆడుతున్నప్పటికి పెళ్ళై ఇంకా మూడు నెలలే, పిన్నిని ఒకరోజు సెకండ్ షోకి తీసుకెళ్ళి బాల్కనీలో కూర్చోబెట్టి తను క్యాబిన్లోకి వెళ్ళాడట. ఆ మాట వచ్చినప్పుడు హాలంతా తెర వైపు చూస్తుంటే ఒక్క మొహం మాత్రం వెనక్కి తిరిగింది, పైన క్యాబిన్ కిటికీ వైపు, లైటు వెలుగు అంచు చెంప మీద పడుతూ. చేతిలో ప్రొజెక్టర్ దీపానికి పెట్టే కార్బన్ కడ్డీ పట్టుకుని అలాగే నిలబడిపోయాడు. రీలు అయిపోయింది, రెండో ప్రొజెక్టర్ వెయ్యడం లేటయ్యింది, తెర తెల్లబడి కింద జనం ఒకటే గోల.