పంచదార తగ్గించారు సరే, సీసా గట్టు మీద ఎందుకు పెట్టారు?

మొన్న రాత్రి పదిన్నరకి ఒక ఫోటో వచ్చింది. జామపండు జామ్, సీసా అంచు చుట్టూ తెల్లటి నూగు. కింద, "ఆంటీ, పొద్దున బాబు బ్రెడ్ మీద రాసుకుని తిన్నాడు, టెన్షన్‌గా ఉంది." నా జామ్ క్లాసుకి వచ్చి వెళ్ళినవాళ్ళ నుంచి ఇలాంటివి వస్తూనే ఉంటాయి. వెంటనే ఫోన్ చేశాను. ఒక చెంచాకి సాధారణంగా ఏమీ కాదమ్మా, ఏమాత్రం తేడాగా ఉన్నా డాక్టరుకి చూపించు, సీసా మాత్రం పారెయ్యి అన్నాను. పైన బూజు గీకేసి తినొచ్చని వాళ్ళ అత్తగారు అన్నారట. వద్దు. మెత్తటి జామ్‌లో బూజు కంటికి కనబడేదానికన్నా లోతుకి దిగుతుంది.

ఆరా తీస్తే సంగతి బయటపడింది. మామగారికి షుగర్ అని పంచదార సగం చేసింది, మిగతాదంతా పాత పద్ధతే. మూడు వారాలుగా సీసా వంటింటి గట్టు మీదే ఉంది.

అపోహ: పంచదార తీపి కోసమే. తగ్గిస్తే తీపి తగ్గుతుంది, అంతే.

వాస్తవం: ఆవకాయలో ఉప్పు రుచి కోసమేనా? ఉప్పు తగ్గించి పెట్టి, బూజు పట్టిందని మామిడికాయని తిడతామా? జామ్‌లో ఆ పని పంచదారది. పండులోని నీటిని తనకి కట్టేసుకుని బూజుకీ ఈస్టుకీ అందకుండా చేస్తుంది. మామూలు జామ్‌లో కరిగిన పదార్థం 65 శాతం దాకా ఉంటుంది, అందులో అత్యధికం పంచదారే. సగం తీసేస్తే కాపలా సగం తీసేసినట్టే. అలాంటి జామ్ చేసిన రోజు నుంచీ ఫ్రిజ్‌లోనే ఉండాలి, మూడు నాలుగు వారాల్లో అయిపోవాలి. ఎక్కువ చేస్తే ఫ్రీజర్.

"గట్టిగానే కుదిరింది కదా ఆంటీ" అంటారు. గట్టిపడటం వేరు, నిల్వ ఉండటం వేరు. జామ్‌ని గట్టిపరిచే పదార్థాన్ని పెక్టిన్ అంటారు. మామూలు పెక్టిన్ గట్టిపడాలంటే పులుపూ కావాలి, బోలెడు పంచదారా కావాలి. తక్కువ పంచదారకి లో మిథాక్సిల్ పెక్టిన్ అని వేరే రకం ఉంది, అది కాల్షియంతో గట్టిపడుతుంది. చక్కగా కుదురుతుంది, కానీ బూజుని ఆపదు.

ఇక పులుపు. జామ, అనాస, ఉసిరి చాలావరకు తమ పులుపు తాము తెచ్చుకుంటాయి. బొప్పాయి తెచ్చుకోదు, దాని పిహెచ్ (పులుపు కొలత, అంకె తగ్గేకొద్దీ పులుపు ఎక్కువ) 5 పైనే. ఆ సంగతి తెలియని రోజుల్లో బొప్పాయి జామ్ చేసి బెంగుళూరు వెళ్తున్న మా అక్క కొడుకు బ్యాగులో సర్దాను. మూత తిప్పగానే బుస్సుమని పొంగి చొక్కా అంతా పాడైందట. పెళ్ళిచూపులకి కొన్న చొక్కా! ఇప్పటికీ దెప్పుతాడు. నిజానికి ఆ పొంగు నయం, పాడైనట్టు చెప్పి మరీ పాడైంది. పులుపు లేని గుజ్జుని గాలి చొరకుండా బిగించి బయట పెడితే బొటులిజం అనే ప్రాణాంతకమైన జబ్బు తెచ్చే విషం తయారు కావచ్చు. దానికి వాసన, బూజు ఉండాలని లేదు. ఆ ప్రమాదానికి గీత పిహెచ్ 4.6 దగ్గర, దాని పైన ఉంటేనే భయం. నేను పిహెచ్ పేపర్ పెట్టి, 4 కిందికి దిగేదాకా నిమ్మ ఉప్పు వేస్తాను. నిమ్మకాయలైతే కాయకో పులుపు, అందుకే లెక్కకి నమ్మను.

మిగతావి గబగబా చెప్పేస్తాను. బెల్లం, తేనె వేస్తే షుగర్ ఉన్నవాళ్ళు హాయిగా తినొచ్చా? లేదు, అవీ చక్కెరే. అసలు పంచదార వేయకపోయినా పండులో చక్కెర ఉంది, దగ్గరపడేకొద్దీ చిక్కబడుతుంది. స్టీవియా తీపి ఇస్తుంది, నిల్వ ఇవ్వదు. పెక్టిన్ కెమికలా? నిమ్మజాతి తొక్కల నుంచీ యాపిల్ పిప్పి నుంచీ తీస్తారు.

ఆ అమ్మాయి నిన్న మళ్ళీ జామ్ చేసింది. గాజు సీసాలు ఫ్రీజర్‌లో పెట్టొచ్చా అని అడిగింది. పెట్టు, పూర్తిగా చల్లారాక, పైన అంగుళం ఖాళీ వదిలి. మామగారికి మాత్రం రోజుకి ఒక్క చెంచా, అదీ ఆయన డాక్టరు సరేనంటేనే.