ఇంగ్లీషు మాటలతో తెలుగు చెడదు: అనువాదంపై అపోహలు - వాస్తవాలు

నా పని అనువాదం. పగలు ఫోన్ యాప్‌ల మెనూలు, బ్యాంకు ఫారాలు, ఆసుపత్రి కరపత్రాలు. రాత్రి వీలు చిక్కితే కథలు, నవలలు. ఇల్లు గడిచేది మొదటి రకంతో, పేరొచ్చేది (వస్తే) రెండో రకంతో. ఈ పని గురించి పెళ్లిళ్లలో, రైళ్లలో, పుస్తకాల సభల్లో నాకు ఎదురయ్యే అభిప్రాయాలు కొన్ని ఉన్నాయి. అన్నిటికన్నా ఎక్కువగా వినేదానితో మొదలుపెడతాను.

అపోహ: ఇంగ్లీషు మాటలు వచ్చిపడి తెలుగు పాడైపోతోంది.

వాస్తవం: మాటలు ఎప్పుడూ వస్తూనే ఉన్నాయి. "రైతు" అరబ్బీలో పుట్టి, పారశీకం మీదుగా మన పొలాల్లోకి వచ్చాడు. జిల్లా, వకీలు ఆ తోవలో వచ్చినవే. దస్తావేజు పుట్టిందే పారశీకంలో. మేస్త్రి, పాదిరి, అలమర పోర్చుగీసువాళ్లతో ఓడ దిగాయి. "మేస్త్రికి కూలి ఇచ్చావా?" అంటే అందులో పరాయి వాసన ఎవరికీ తగలదు. ఆ మాట మన విభక్తి తగిలించుకుని, మన క్రియకు లోబడి బతుకుతోంది. టెన్షన్ సంగతీ అంతే. భయపడతాం, సిగ్గుపడతాం, టెన్షన్ పడతాం. ఆ "పడటం" ఇంగ్లీషువాడికి లేదు.

చెడుతున్నది వాక్యం. ఫోనుకు ఇలాంటి మెసేజ్ వస్తుంది: "మీ ఖాతా తగినంత నిల్వను కలిగి లేదు." ఇందులో ఒక్క ఇంగ్లీషు మాటైనా ఉందా? లేదు. అయినా అది ఇంగ్లీషే. "మీ అకౌంట్‌లో సరిపడా డబ్బు లేదు" అనేదాంట్లో ఇంగ్లీషు మాట ఉన్నా, అది శుభ్రమైన తెలుగు. మనకు ఏదైనా ఉంటుంది, మనం దేన్నీ కలిగి ఉండం. "మాకు ఇద్దరు పిల్లలు" అంటాం గాని "మేము ఇద్దరు పిల్లలను కలిగి ఉన్నాం" అని ఏ తల్లీ అనదు. కానీ బిస్కెట్ ప్యాకెట్ మీద, షాంపూ సీసా మీద, యాప్‌లలో, ప్రకటనల్లో "కలిగి ఉంది" రాజ్యమేలుతోంది. "చేయబడినది", "ఇవ్వబడును" అయితే సర్కారు నోటీసుల్లో పాతకాపులు. నన్నడిగితే వంద "కంప్యూటర్"ల కన్నా ఒక్క "కలిగి ఉంది" చేసే నష్టమే ఎక్కువ. మాట వస్తే భాషలో ఒక వస్తువు చేరుతుంది. వాక్యం మారితే ఆలోచన వరసే మారుతుంది.

అపోహ: అలాంటి తెలుగు రాసేవాళ్లకు తెలుగు రాదు.

వాస్తవం: చాలామందికి చక్కగా వచ్చు. పని జరిగే పద్ధతి తెలిస్తే మీరే జాలిపడతారు.

పెద్ద కంపెనీల పని దాదాపు అంతా క్యాట్ టూల్ అనే సాఫ్ట్‌వేర్‌లో నడుస్తుంది. అది మూలాన్ని ఒక్కో వాక్యంగా కోసి గళ్లలో పెడుతుంది. ఎడమ గడిలో ఇంగ్లీషు, కుడి గడి మనకు ఖాళీ. తెలుగు నడక వేరు. "ఊరెళ్లి, అమ్మను చూసి, మందులు కొనిచ్చి, మర్నాడు వచ్చేశాను" అని నాలుగు పనుల్ని ఒకే గుక్కలో చెప్పేసి, క్రియను చివర్లో ముడివేస్తాం. ఇంగ్లీషులో అది మూడు వాక్యాలుగా ఉంటే గడి మనల్ని మూడే రాయమంటుంది. గళ్లు కలపడానికి చాలా ప్రాజెక్టుల్లో అనుమతి ఉండదు. పైగా ఒకసారి ఆమోదం పొందిన వాక్యం ట్రాన్స్‌లేషన్ మెమరీలోకి వెళ్లి, తర్వాతి ప్రాజెక్టుల్లో దానంతటదే ప్రత్యక్షమవుతుంది. అలా వచ్చినదానికి డబ్బు తక్కువిస్తారు, కొన్నిచోట్ల అసలివ్వరు. డబ్బు రాని వాక్యాన్ని ఎవరు దిద్దుతారు? ఎప్పుడో ఎవరో హడావిడిగా రాసిన "కలిగి ఉంది" అలా ఏళ్ల తరబడి చలామణీ అవుతుంది.

ఇంకో చిక్కు యాప్‌లలో. "ఫలానావారికి ఫొటో పంపారు" అనే వాక్యంలో పేరు ఉండాల్సిన చోట ఒక ఖాళీ మాత్రమే ఇస్తారు. పేరు తర్వాత వచ్చి చేరుతుంది. ఇంగ్లీషుకు దానివల్ల ఇబ్బంది లేదు. మనకేమో పేరు చివరి అచ్చును బట్టి విభక్తి మారుతుంది: సీతకు, లక్ష్మికి. ఖాళీ పక్కన ఏదో ఒకటి రాయక తప్పదు కాబట్టి "లక్ష్మి కు" అని, మధ్యలో జాగాతో సహా తెర మీద పడుతుంది. ఇది చూసి నవ్వుకున్నవాళ్లు చాలామందే ఉంటారు. రాసినవాళ్లకు వ్యాకరణం తెలియదని అనుకుంటారు. నిజానికి ఆ వాక్యపు మూస తయారుచేసినవాళ్ల లెక్కలో విభక్తి అనేది లేదు.

అన్నిటికన్నా బాధ కలిగించేది వైద్యం. మందుల ప్రయోగాల్లో రోగి చేత సంతకం చేయించుకునే అంగీకార పత్రం ఉంటుంది. దాన్ని నేను తెలుగు చేస్తే, ఇంగ్లీషు మూలం చూడని మరొకరు దాన్ని తిరిగి ఇంగ్లీషులోకి మారుస్తారు. దీన్ని బ్యాక్ ట్రాన్స్‌లేషన్ అంటారు. రెండు ఇంగ్లీషులూ పక్కపక్కన పెట్టి, ఎక్కడ తేడా కనబడితే అక్కడ నన్ను సంజాయిషీ అడుగుతారు. ఉద్దేశం మంచిదే, తప్పులు దొర్లకూడదనే. ఫలితం మాత్రం తలకిందులు. "ఇష్టం లేకపోతే ఎప్పుడైనా మానేయొచ్చు, మీ వైద్యం మాత్రం ఆగదు" అని రాస్తే అది తిరిగి ఇంగ్లీషులో అచ్చం అలాగే రాదు. "మీ ప్రామాణిక సంరక్షణకు భంగం కలగకుండా ఏ సమయంలోనైనా ఉపసంహరించుకునే హక్కును మీరు కలిగి ఉన్నారు" అని రాస్తే ముక్కకు ముక్క సరిపోతుంది. పరీక్ష నెగ్గేది రెండో వాక్యం. సంతకం పెట్టే రోగికి అర్థమయ్యేది మొదటిది. అందుకే సంజాయిషీ రాసుకునే ఓపిక ఉన్న రోజున మొదటిదే ఉంచి పోట్లాడతాను.

అపోహ: మాట అటూ ఇటూ అయితే అందం తగ్గుతుందేమో, అంతకుమించి ఏమీ కాదు.

వాస్తవం: న్యూజీలాండ్‌లో ఒక జాతి భవిష్యత్తే అటూ ఇటూ అయింది. 1840 ఫిబ్రవరిలో బ్రిటిష్ ప్రభుత్వం మావోరీ నాయకులతో వైటాంగి ఒప్పందం చేసుకుంది. దాన్ని హెన్రీ విలియమ్స్ అనే మిషనరీ, ఆయన కొడుకు ఎడ్వర్డ్ ఒక్క రాత్రిలో మావోరీలోకి మార్చారు. ఇంగ్లీషు ప్రతిలో నాయకులు తమ సార్వభౌమాధికారాన్ని రాణికి వదులుకుంటున్నారని ఉంది. మావోరీ ప్రతిలో ఆ చోట "కావనతంగ" అనే మాట వాడారు. గవర్నరు చేసే పాలన అని దాని అర్థం. పైగా తర్వాతి షరతులో భూముల మీద, ఊళ్ల మీద నాయకుల పెత్తనం నాయకులదేనని హామీ ఉంది. సంతకాలు చేసినవారు ఐదు వందల పైచిలుకు. అందులో అత్యధికులు చేసింది మావోరీ ప్రతి మీదే. ఈ తేడాల మీద వాదనలు వినడానికి 1975లో ప్రత్యేకంగా ట్రిబ్యునల్ పెట్టారు. 1840 ఫిబ్రవరిలో సంతకం చేసిన నాయకులు సార్వభౌమాధికారాన్ని వదులుకోలేదని 2014లో అది తేల్చి చెప్పింది. తేలేసరికి 174 ఏళ్లు గడిచాయి, భూములు ఎప్పుడో చేతులు మారాయి.

అంత దూరం వెళ్లక్కర్లేదు కూడా. 2020లో కరోనా వచ్చినప్పుడు తెలుగు పత్రికల్లో, టీవీల్లో, గోడల మీద "సామాజిక దూరం పాటించండి" అని నినాదం. ఇంగ్లీషు మాటను ముక్కకు ముక్క దించారు. దళితులకు వేరే గ్లాసు పెట్టే రెండు గ్లాసుల పద్ధతి చూసిన దేశంలో, ఊరు ఒకపక్క వాడ ఒకపక్క ఉన్న చోట, ఆ మాటకు అప్పటికే ఒక అర్థం ఉంది. ఆ అర్థం కింద నలిగినవాళ్లకు అది ఎలా వినిపించి ఉంటుంది? ప్రపంచ ఆరోగ్య సంస్థ కూడా ఆ మార్చిలోనే సోషల్ అనే మాట వదిలి ఫిజికల్ అనడం మొదలుపెట్టింది. దాన్ని పట్టుకుని మనవాళ్లు "భౌతిక దూరం" అన్నారు. తప్పు పోయింది గాని, ఫిజిక్సు పాఠం వచ్చింది. "మనిషికీ మనిషికీ మధ్య ఆరడుగుల ఎడం ఉంచండి" అంటే సరిపోయేది. ఇంగ్లీషులో నామవాచకం ఉంది కాబట్టి మనకూ ఒక నామవాచకం కావాలనుకోవడం దగ్గరే వస్తుంది తంటా అంతా.

అపోహ: అనువాదం రెండో రకం సాహిత్యం.

వాస్తవం: మన ఆదికవి అనువాదకుడు. దీని మీద ఇంకేం చెప్పను? సంస్కృత మహాభారతంలో నన్నయ రెండున్నర పర్వాలు, తిక్కన పదిహేను, మిగిలిన అరణ్యపర్వ శేషం ఎర్రన. ముక్కకు ముక్క చేయలేదు. శ్లోకాలతో నడిచిన మూలాన్ని పద్యమూ వచనమూ కలిపిన చంపువుగా మార్చారు. తిక్కన భగవద్గీతను కొద్ది పద్యాల్లో ముగించేశాడు. ఈ రోజు ఏ క్లయింటుకైనా అలా ఇస్తే డబ్బులు రావు.

అపోహ: ప్రపంచీకరణ పుణ్యమా అని ఇప్పుడు అన్ని భాషల సాహిత్యమూ అందరికీ అందుతోంది.

వాస్తవం: రోడ్డు పెద్దదైంది, కానీ అది ఎక్కువగా వన్ వే. యునెస్కో అనువాదాల జాబితా ఒకటి నడిపింది. అందులో నమోదైన పుస్తకాల్లో సగానికి పైగా ఇంగ్లీషు నుంచి వేరే భాషల్లోకి వెళ్లినవే. అటునుంచి ఇటు చూస్తే, అమెరికాలో ఏటా అచ్చయ్యే పుస్తకాల్లో అనువాదాలు సుమారు 3 శాతమని ఆ రంగంలో అందరూ చెప్పుకునే లెక్క.

మనకు ఇంకో మెలిక కూడా ఉంది. జపాన్ నవలైనా, కొలంబియా నవలైనా తెలుగులోకి ఎక్కువగా ఇంగ్లీషు మీదుగానే వస్తుంది. అంటే లండన్‌లో, న్యూయార్క్‌లో ఎవరో ఎంచుకున్నవాటిలోంచే మనం ఎంచుకుంటాం. ఒకప్పుడు ఇలా ఉండేది కాదు. చక్రపాణి బెంగాలీ నేర్చుకుని శరత్‌ను నేరుగా తెచ్చారు. శరత్ తెలుగువాడేమో అనుకునేంతగా మనవాళ్లు చదివారు. ఇప్పుడు చూడండి. హాసన్‌లో ఉండే బాను ముష్తాక్ దశాబ్దాలుగా కన్నడంలో కథలు రాస్తున్నారు. కన్నడం మన పక్కింటి భాష, లిపి కూడా దాదాపు ఒకటే. అయినా మనలో చాలామంది ఆమె పేరు విన్నది 2025లో, లండన్‌లో ఆమెకు ఇంటర్నేషనల్ బుకర్ బహుమతి ప్రకటించాకే. సిగ్గుపడాల్సిన సంగతే, నాతో సహా.

ఇక డబ్బు. ఒక తరం తెలుగు పాఠకులు రష్యన్ కథలు చదివి పెరిగారు. మన ఊళ్ల విశాలాంధ్ర పుస్తకాల షాపుల్లో ప్రగతి, రాదుగ ప్రచురణలు అతి చవగ్గా దొరికేవి. తెలుగు అనువాదకులు మాస్కోలో కూర్చుని పని చేశారు. ఖర్చు సోవియట్ ప్రభుత్వానిది. 1991లో ఆ దేశం పోయింది, పుస్తకాలూ ఆగిపోయాయి. తెలుగువాళ్లకు రష్యా మీద హఠాత్తుగా ఇష్టం తగ్గలేదు కదా! దక్షిణ కొరియా ఆ సంగతి గ్రహించి, తన సాహిత్యాన్ని బయటి భాషల్లోకి పంపడానికి ప్రభుత్వ సంస్థనే పెట్టింది. 2024లో హాన్ కాంగ్‌కు నోబెల్ వచ్చిందంటే మొదటి గొప్పతనం ఆమె రచనదే. కానీ ఆ రచన కొరియన్ రానివాళ్ల చేతికి చేరింది అనువాదాల వల్లే. తెలుగు నుంచి బయటికి వెళ్లే పుస్తకాలు మాత్రం చాలావరకు ఎవరో ఒక ప్రొఫెసరు పట్టుదల మీదో, ఓ అనువాదకురాలి సొంత ఖర్చు మీదో నడుస్తున్నాయి.

అపోహ: మంచి అనువాదకుడు కనబడకూడదు.

వాస్తవం: ఈ మాట చెప్పేవాళ్లు ఎక్కువగా కవరు మీద పేరు వేయడం ఇష్టంలేనివాళ్లే. ఇంటర్నేషనల్ బుకర్ 2016 నుంచి 50,000 పౌండ్ల బహుమతిని రచయితకూ అనువాదకులకూ చెరిసగం ఇస్తోంది. బాను ముష్తాక్ కథలను ఇంగ్లీషు చేసిన దీపా భస్తి కన్నడ మాటలను ఇటాలిక్స్‌లో పెట్టలేదు, ఫుట్‌నోట్లూ ఇవ్వలేదు. ఆ నిర్ణయం నాకు చాలా నచ్చింది. ఇంగ్లీషు నవలను తెలుగు చేసేటప్పుడు శాండ్‌విచ్ అంటే ఏమిటో వివరించమని ఏ ఎడిటరూ నన్ను అడగలేదు. తెలుగు కథ ఇంగ్లీషులోకి వెళ్లేటప్పుడు మాత్రం పులిహోరకు, పెరుగన్నానికి, మేనరికానికి, అన్నిటికీ వివరణ కావాలంటారు. ఎప్పుడూ ఒక వైపువాళ్లే ఎందుకు వివరించుకోవాలి?

అపోహ: యంత్రం వచ్చింది, ఇక మీ పని అయిపోయింది.

వాస్తవం: గూగుల్ అనువాదంలోకి తెలుగు 2011లో చేరింది. అప్పట్లో నవ్వుకోవడానికి పనికొచ్చేది. ఇప్పుడలా కాదు. మామూలు ఉత్తరం, వార్త, వాడకం సూచనలు వంటివి బాగానే దించుతోంది. నేనూ వాడతాను, దాచడమెందుకు. నా పనిలో చాలా భాగం ఇప్పుడు పోస్ట్ ఎడిటింగే, అంటే యంత్రం చేసినదాన్ని దిద్దడం. రేటు తక్కువ, తలనొప్పి ఎక్కువ. యంత్రం తెలుగు నేర్చుకునేది నెట్‌లో ఉన్న తెలుగు నుంచి. అందులో పైన చెప్పిన గళ్లలో తయారైన తెలుగు కూడా బోలెడు. కాబట్టి అది కూడా "కలిగి ఉంది" అనే అంటుంది. దాన్ని జనం చదువుతారు, పిల్లలు ప్రాజెక్టు వర్కులో దించుకుంటారు, అదంతా మళ్లీ నెట్‌లోకే చేరుతుంది.

అది చేయలేని పని ఒకటి చెప్తాను. ఇంగ్లీషు నవలలో ఇద్దరు ప్రేమికులు మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా ఒకరినొకరు ఒకే మాటతో పిలుచుకుంటారు. తెలుగులో అది కుదరదు. మొదట "మీరు", ఎక్కడో ఒకచోట "నువ్వు". ఆ చోటు మూలంలో లేదు, రచయితకు దాని ఊసే తెలియదు. ముందు అతను మారతాడా, ఆమె మారుతుందా? ఆమె "నువ్వు" అన్నాక కూడా అతను "మీరు" అంటూనే ఉంటే ఆ మనిషి ఎలాంటివాడు? వాక్యం తర్వాత వాక్యం చూసుకుంటూ పోయే యంత్రం ఒక వాక్యంలో మీరు, తర్వాతి వాక్యంలో నువ్వు పెట్టేసి వెళ్లిపోతుంది. నేనైతే నవలంతా ఒకసారి చదివి ఆ చోటు గుర్తుపెట్టుకున్నాకే మొదటి వాక్యం మొదలుపెడతాను. ఆ చోటు ముప్పయ్యో పేజీనా, తొంభయ్యో పేజీనా అని ఎడిటర్‌తో వాదించి ఓడిపోయిన నవలలూ ఉన్నాయి.