‘తల్లి చెప్పిన ప్రకారం’: వైద్యం పేరుతో బిడ్డకు జరిగే హాని, కోర్టులో దాని రుజువు – అపోహలు, వాస్తవాలు

పిల్లల వార్డులో మంచం పక్కన కూర్చున్న తల్లుల్లో దాదాపు అందరూ నిజమైన జబ్బుకే వచ్చినవాళ్లు. ఈ పోస్టు మిగిలిన ఆ కొద్దిమంది గురించి. లేని జబ్బు ఉందని చెప్పో, తామే జబ్బు తెప్పించో, పిలకాయలకు అక్కర్లేని సూదులు, గొట్టాలు, ఆపరేషన్లు జరిగేలా చేసేవాళ్ల గురించి. డాక్టర్లు దీన్ని మెడికల్ చైల్డ్ అబ్యూజ్ అంటారు. పాత పేరు ముంచౌసెన్ సిండ్రోమ్ బై ప్రాక్సీ. నెల్లూరు, ఒంగోలు వైపు వార్డుల్లో, స్టేషన్లలో, కోర్టు వరండాల్లో దీని గురించి వినబడే మాటలు కొన్ని ఉన్నాయి. వాటిని ఒక్కొక్కటే చూద్దాం.

అపోహ: కన్నతల్లి ఇట్లాంటి పని చెయ్యదు.

చేసిన దాఖలాలు ఉన్నాయి. బ్రిటన్ పిల్లల డాక్టరు రాయ్ మెడో 1977లో దీన్ని మొదటిసారి వైద్య పత్రికలో వివరించాడు. 2003లో వెలువడిన ఒక సమీక్షలో 451 కేసులను కలిపి చూశారు. వాటిలో ముప్పావు వంతుకు పైగా చేసింది తల్లే. సుమారు 6 శాతం పిల్లలు చనిపోయారు. మొదటి లక్షణం నుంచి అసలు సంగతి బయటపడడానికి సగటున 22 నెలలు దగ్గర పట్టింది. చేసినవాళ్లలో తండ్రులూ ఉన్నారు. బయటివాళ్లూ ఉంటారు: వార్డులో పిల్లలను చంపినందుకు ఇంగ్లండులో బెవర్లీ ఆలిట్ అనే నర్సుకు 1993లో శిక్ష పడింది.

అట్లని ‘మరీ అతుక్కుని కూర్చుంది, నర్సులతో చనువుగా ఉంది, ఏడవలేదు’ అనేవి సాక్ష్యాలు కావు. వాటిని చార్జిషీటులో రాస్తే డిఫెన్సు వకీలుకు మనమే పని తగ్గించినట్టు.

అపోహ: ఇది తల్లికి ఉన్న మానసిక జబ్బు. కోర్టు శిక్షించదు.

ఎక్కువ కేసులు చెడేది ఇక్కడే. రెండు విషయాలను కలిపేస్తున్నారు. మెడికల్ చైల్డ్ అబ్యూజ్ అంటే బిడ్డకు జరిగిన హాని. దాన్ని పిల్లల డాక్టరు రికార్డులు చూసి తేలుస్తాడు. తల్లి మనసులో ఏముందో తేల్చేది మానసిక వైద్యుడు. అమెరికా మానసిక వైద్యుల 2013 నాటి వర్గీకరణలో దానికి వేరే పేరుంది: ఫ్యాక్టీషియస్ డిజార్డర్ ఇంపోజ్డ్ ఆన్ అనదర్. మొదటిది రుజువు చెయ్యడానికి రెండోది అక్కర్లేదు.

భారతీయ న్యాయ సంహిత (ఐపీసీ స్థానంలో వచ్చిన చట్టం) 22వ సెక్షన్ ప్రకారం మతిస్థిమితం లేనివాళ్లకు రక్షణ దొరకాలంటే ఒక డయాగ్నోసిస్ కాగితం చాలదు. ఆ పని చేసే సమయానికి తాను చేసేది ఏమిటో, అది తప్పో ఒప్పో తెలియని స్థితిలో ఉండాలి. దాన్ని చూపించాల్సిన భారం ముద్దాయిదే. దహ్యాభాయ్ ఠక్కర్ కేసులో 1964లోనే సుప్రీంకోర్టు ఈ విషయం స్పష్టం చేసింది. నర్సు బయటికి పోయేదాకా ఆగి, తెర లాగి, సిరంజి సంచిలో దాచిన మనిషికి అది తప్పని తెలియదని వాదించడం కష్టం.

2015లో న్యూయార్క్ రాష్ట్రంలో లేసీ స్పియర్స్ అనే ఆమెకు శిక్ష పడింది. ఐదేళ్ల కొడుక్కి కడుపులోకి పెట్టిన గొట్టం ద్వారా ఉప్పు ఎక్కించి చంపిందని నేరం రుజువైంది. ప్రాసిక్యూషన్ విచారణలో మానసిక జబ్బు పేరే ఎత్తలేదు. బిడ్డ రక్తంలో సోడియం (ఉప్పులో ఉండే పదార్థం) లెక్కలు, ఇంట్లో దొరికిన ఆహారపు సంచుల్లో ఉప్పు, ఒక సంచిని తీసెయ్యమని స్నేహితురాలికి ఆమె చేసిన ఫోను, వీటి మీదే కేసు నడిపింది. 20 ఏళ్ల నుంచి యావజ్జీవం దాకా శిక్ష పడింది. మన పీపీలు (పబ్లిక్ ప్రాసిక్యూటర్లు) నేర్చుకోవలసిన పద్ధతి ఇది: ముద్దాయి ఎలాంటి మనిషో పక్కన పెట్టి, బిడ్డ ఒంట్లోకి ఏం పోయింది, ఎవరి చేతుల మీదుగా పోయింది అనేదే చెప్పాలి.

అపోహ: ఆస్పత్రులు మార్చే తల్లిని అనుమానించాలి.

మన వైపు ఆస్పత్రులు మార్చనిది ఎవరు? ఉదయగిరి నుంచి కావలి, కావలి నుంచి నెల్లూరు, అక్కడ తేలకపోతే చెన్నై, వేలూరు. గిద్దలూరు, మార్కాపురం వాళ్లు ఒంగోలు, గుంటూరు. ఎవరో ఒకరు రెఫర్ చేస్తేనే పోతారు. మధ్యలో ఆకుపసరు, తాయెత్తు, వాతలు కూడా ఉంటాయి. వాతలు పెట్టడం హానే, ఆపాల్సిందే. కానీ బిడ్డ బాగుపడాలని తెలియక చేసిన పని వేరు, డాక్టర్లను మోసం చేసి చేయించిన పని వేరు.

చూడాల్సిన తేడాలు వేరే ఉన్నాయి. ఒక్కో ఆస్పత్రిలో ఒక్కో చరిత్ర చెప్పడం. నార్మల్ వచ్చిన రిపోర్టులు దాచి, అనుమానంగా ఉన్నవే చూపించడం. ఎప్పుడూ ఒక్క మనిషి ఉన్నప్పుడే లక్షణం రావడం. పరీక్షలో కనబడేదానికీ చెప్పేదానికీ పొంతన లేకపోవడం. ఇవి కూడా అనుమానాలే, రుజువులు కావు.

అపోహ: ఒక్క ల్యాబ్ రిపోర్టు చాలు.

ఉప్పు సంగతే తీసుకుందాం. ఒక టీస్పూను ఉప్పు అంటే సుమారు 6 గ్రాములు, అందులో సోడియం 100 మిల్లీ ఈక్వివలెంట్లు (సోడియాన్ని కొలిచే యూనిట్లు). పది కేజీల బిడ్డ ఒంట్లో నీరు ఆరు లీటర్లు. అంటే ఒక్క స్పూనుతో లీటరుకు సోడియం మామూలు 140 నుంచి 157 దాకా పోతుంది. ఇంతవరకు లెక్క సులువే.

కానీ సోడియం పెరిగినంత మాత్రాన ఎవరో ఉప్పు పెట్టారని కాదు. విరేచనాలతో ఒళ్లు ఎండిపోయినా పెరుగుతుంది. పాలు చాలని పసిగుడ్డుకూ పెరుగుతుంది. మన దగ్గర ఎక్కువగా మరిచిపోయే కారణం ఇంకోటి ఉంది: లీటరు నీళ్లకు కలపాల్సిన ఓఆర్ఎస్ ప్యాకెట్టును ఒక గ్లాసులో కలపడం. సరిగ్గా కలిపితే లీటరుకు 75 ఉండాల్సిన సోడియం, 200 మిల్లీలీటర్లలో కలిపితే 375 అవుతుంది. అందుకే ఏ సైజు ప్యాకెట్టు, ఏ గ్లాసు, ఎన్నిసార్లు తాగించారు అని మొదటి రోజే అడిగి రాసుకోవాలి. వీలైతే ఆ గ్లాసే తెప్పించి కొలవాలి.

ఎండిపోవడమా, ఉప్పా అని తేల్చేది మూత్రం. రక్తంలోనూ మూత్రంలోనూ సోడియం, క్రియాటినిన్ (కిడ్నీ బయటికి పంపే వ్యర్థం) ఒకే సమయంలో తీసి, కిడ్నీ వడపోసిన సోడియంలో ఎంత శాతం మూత్రంలో పోతోందో లెక్కకట్టాలి. ఎండిపోయిన బిడ్డ కిడ్నీ సోడియాన్ని పట్టి ఉంచుతుంది, శాతం 1 కన్నా తక్కువ వస్తుంది. ఉప్పు ఎక్కువైతే బయటికి తోసేస్తుంది, 2 దాటుతుంది. బరువు కూడా చూడాలి: ఎండిపోతే తగ్గుతుంది, ఉప్పు పోతే తగ్గదు. సెలైన్ ఎక్కించాక తీసిన మూత్రం, కిడ్నీ దెబ్బతిన్నాక తీసిన మూత్రం ఈ లెక్కకు పనికిరావు. ఆ మొదటి మూత్రం పారబోస్తే కేసు సగం పోయినట్టే.

బిడ్డకు ఇన్సులిన్ (షుగరు తగ్గించే మందు) ఎక్కించిన కేసు ఇంకా సున్నితం. క్లోమం తయారుచేసే ప్రతి ఇన్సులిన్ వెంట సి-పెప్టైడ్ అనే ముక్క బయటికొస్తుంది. సీసాలోని ఇన్సులిన్ వెంట రాదు. షుగర్ పడిపోయినప్పుడు ఇన్సులిన్ ఎక్కువగా ఉండి సి-పెప్టైడ్ అడుగంటి ఉంటే బయటి నుంచి ఎక్కించినట్టు. కానీ ఆ రక్తం షుగర్ 50 కన్నా తక్కువ ఉన్నప్పుడే, డెక్స్‌ట్రోజ్ (నరంలోకి ఎక్కించే చక్కెర) ఇవ్వబోయే క్షణంలోనే తీయాలి. అట్లని దానికోసం డెక్స్‌ట్రోజ్ ఆపకూడదు. గ్లూకోమీటరు అంకె ఒక్కటే చాలదు, ల్యాబుకు కూడా పంపాలి. రక్తకణాలు చితికిన శాంపిలులో ఇన్సులిన్ తప్పుగా తక్కువ చూపిస్తుంది. వెంటనే సీరం వేరుచేసి ఫ్రీజరులో పెట్టాలి. కొన్ని కిట్లు గ్లార్జీన్, లిస్‌ప్రో లాంటి కొత్త ఇన్సులిన్లను సరిగా పట్టవు. ఏ కిట్టు వాడారో ల్యాబును రాసివ్వమనాలి.

రెండూ ఎక్కువగా ఉంటే? తాతయ్య షుగరు మాత్రలు గ్లిమిపిరైడ్, గ్లిబెన్‌క్లమైడ్ లాంటివి పోయి ఉండొచ్చు. అయితే బిడ్డే ఆడుకుంటూ మింగిందా, ఎవరన్నా మింగించారా అనేది ల్యాబు చెప్పదు.

మూత్రంలో, వాంతిలో రక్తం ఉందంటే ముందు ఆ రక్తం బిడ్డదేనా అని డీఎన్ఏ పరీక్ష అడగాలి.

ఒకటి మాత్రం మరవొద్దు. వైద్యం కోసం తీసిన శాంపిలును ల్యాబు కొన్ని రోజుల్లో పారేస్తుంది. అనుమానం వచ్చిన గంటలోనే ‘మిగిలిన సీరం ఉంచండి’ అని రాతపూర్వకంగా అడగాలి. తీసినవాళ్ల పేరు, టైము, సీలు, ఎవరి చేతి నుంచి ఎవరి చేతికి పోయిందో రిజిస్టరులో ఉండాలి.

అపోహ: కేసు షీటులో ‘ఫిట్స్ వచ్చాయి’ అని ఉంది కదా, అది రుజువే.

ఎవరు చూశారు? మొదటి ఆస్పత్రిలో ‘తల్లి చెప్పిన ప్రకారం ఫిట్స్’ అని రాస్తారు. రెండో చోట ‘ఫిట్స్ చరిత్ర ఉంది’ అవుతుంది. మూడో చోట ‘ఫిట్స్ రోగి’. నాలుగో చోట మందు డోసు పెంచుతారు. నాలుగు డిశ్చార్జి సమ్మరీలు పక్కపక్కన పెడితే ఒక్క డాక్టరూ, ఒక్క నర్సూ ఆ ఫిట్స్ చూసి ఉండరు. ఈ నేరం డాక్టర్ల కలంతోనే పెరుగుతుందనేది చేదు నిజం.

కోర్టుకు పనికొచ్చేది ఒక పట్టిక. తేదీ, సమయం, చెప్పిన లక్షణం, స్వయంగా చూసినది ఎవరు, పరీక్షలో తేలినది, ఆ సమయంలో బిడ్డ దగ్గర ఉన్నది ఎవరు. పుట్టినప్పటి నుంచి అన్ని ఆస్పత్రుల కాగితాలూ తెప్పించి, కేసులో లేని ఒక పిల్లల డాక్టరు చేత ఈ పట్టిక రాయించాలి. వందల పేజీలు జడ్జి ముందు గుమ్మరిస్తే ఎవరూ చదవరు. పట్టిక పది పేజీలు ఉంటే చదువుతారు.

అపోహ: తల్లిని దూరం పెడితే బిడ్డ కోలుకుంది. ఇక తేలిపోయినట్టే.

బలమైన విషయమే, కానీ ఒంటరిగా నిలబడదు. కొన్ని జబ్బులు వాటంతటవే వచ్చి పోతాయి. అదే వారంలో మందు కూడా మార్చి ఉంటే ఏది పనిచేసిందో ఎవరు చెప్పగలరు? దూరం పెట్టక ముందు రెండు వారాలు, తర్వాత రెండు వారాలు ఒకే మందులు, ఒకే కొలతలు ఉంటేనే పోలికకు విలువ.

‘ఇన్నిసార్లు కాకతాళీయంగా జరగదు’ అనే వాదన ఇంకా ప్రమాదం. బ్రిటన్‌లో శాలీ క్లార్క్ అనే తల్లి ఇద్దరు పసిబిడ్డలు చనిపోతే, అది సహజంగా జరగడానికి 7.3 కోట్లలో ఒక అవకాశమని ఇదే రాయ్ మెడో సాక్ష్యం చెప్పాడు. ఒక పసిబిడ్డ అట్లా చనిపోయే అవకాశం 8,543లో ఒకటి అనే అంకెను దానితోనే గుణించాడు. ఒకే ఇంట్లో రెండు మరణాలకు ఉమ్మడి కారణం ఉండొచ్చని ఆలోచించలేదు. 1999లో శిక్ష పడింది, 2003లో కొట్టేశారు. ఆలోపు ఆమె మూడేళ్లకు పైగా జైల్లో ఉంది.

అపోహ: మన చట్టంలో దీనికి సెక్షనే లేదు.

ఈ పేరుతో లేదు, చేసిన పనులకు ఉన్నాయి. న్యాయ సంహిత 123: హాని చెయ్యాలని విషం గానీ, మత్తుమందు గానీ, ‘మరే వస్తువు’ గానీ ఇస్తే పదేళ్ల దాకా. వంటింటి ఉప్పు విషమా అని క్రాస్ ఎగ్జామినేషన్‌లో అడుగుతారు. ‘మరే వస్తువు’ అనే మాట దానికే పనికొస్తుంది. ఒంటికి చేటు చేసే పదార్థం మింగించడం, రక్తంలోకి ఎక్కించడం 118 కింద. ప్రాణం తియ్యాలనే ఉద్దేశం కనబడితే 109, బిడ్డ చనిపోతే 103 లేదా 105.

అబద్ధపు చరిత్ర చెప్పి ఆపరేషన్ చేయించినచోట బాల న్యాయ చట్టం 75 ముఖ్యం: సంరక్షకులు బిడ్డకు అక్కర్లేని బాధ కలిగించడం. మామూలుగా మూడేళ్ల దాకా; ప్రాణానికో అవయవానికో ముప్పు వచ్చి ఉంటే మూడు నుంచి పదేళ్లు, ఐదు లక్షల జరిమానా. జబ్బు పేరుతో చందాలు పోగు చేసి ఉంటే 318, మోసం. పోక్సో లైంగిక నేరాలకే, ఇక్కడ పనికిరాదు.

చాలామంది తప్పే చోటు: ఈ హాని ఏళ్ల తరబడి సాగుతుంది. 2024 జులై 1కి ముందు చేసిన పనులకు పాత ఐపీసీ సెక్షన్లే (328, 324, 326, 307). చార్జిషీటులో తేదీల వారీగా విడగొట్టకపోతే అభ్యంతరం తప్పదు.

విషప్రయోగంతో హత్య అన్నప్పుడు శరద్ బిర్ధిచంద్ శార్దా కేసులో (1984) సుప్రీంకోర్టు నాలుగు చూడమంటుంది: చంపడానికి కారణం, విషం వల్లే మరణం, ముద్దాయి దగ్గర ఆ విషం ఉండడం, ఇచ్చే అవకాశం. విషం ముద్దాయి దగ్గర ఉన్నట్టు ప్రతిసారీ రుజువు చెయ్యనక్కర్లేదని 1988లో భూపిందర్ సింగ్ కేసులో అన్నారు. ఉప్పు ఎవరింట్లో లేదు? ఇక్కడ బరువంతా ‘అవకాశం’ మీదే పడుతుంది. అంటే మళ్లీ ఆ పట్టికే.

అపోహ: సీసీ కెమెరాలో పడింది, ఇంకేం కావాలి?

చాలా రికార్డర్లు కొన్ని రోజులకే పాతది చెరిపేస్తాయి. ఆ రోజే కాపీ తీసి, హ్యాష్ విలువతో (ఫైలు మారలేదని చూపే అంకె) భారతీయ సాక్ష్య అధినియమం 63 కింద సర్టిఫికెట్ తీసుకోవాలి, రెండు భాగాలూ నింపి. పోలీసులు ఆ సర్టిఫికెట్ మరిచి, విచారణ రోజు పరిగెత్తడం కొత్తేమీ కాదు.

అపోహ: నార్కో పరీక్ష (మందు ఎక్కించి ప్రశ్నించడం) పెడితే నిజం చెబుతుంది.

మనిషి ఒప్పుకోకుండా అది చెయ్యకూడదని సుప్రీంకోర్టులో సెల్వి కేసులో 2010లోనే తేలింది.

అపోహ: అనుమానం రాగానే తల్లిని నిలదీయాలి.

నిలదీస్తే ఆ రాత్రికే సంతకం పెట్టి డిశ్చార్జి అయిపోతారు. ఇంకో ఊళ్లో, ఇంకో పేరుతో మళ్లీ మొదలవుతుంది. ముందు బిడ్డ దగ్గర మనిషిని పెట్టాలి, ఆహారం, మందులు నర్సు చేతుల మీదుగానే పోవాలి. సూపరింటెండెంటుకు చెప్పి ఎంఎల్సీ (మెడికో లీగల్ కేసు) రాయాలి. చైల్డ్ హెల్ప్‌లైన్ 1098కి గానీ జిల్లా బాలల సంరక్షణ విభాగానికి గానీ తెలిపి, బాలల సంక్షేమ కమిటీ ఉత్తర్వు తీసుకోవాలి. ఐసీయూలో ఉన్న బిడ్డను కమిటీ ముందుకు మోసుకెళ్లే పని లేదు, రాతపూర్వక రిపోర్టు పంపి ఉత్తర్వు అడగొచ్చు. ఆ ఉత్తర్వు చేతిలో ఉన్నాకే తల్లితో మాట్లాడాలి, అదీ ఒక్కరుగా కాదు. క్రిమినల్ కేసు ఏళ్లు పడుతుంది, బెయిలు కూడా దొరుకుతుంది. ఈలోపు బిడ్డను కాపాడేది కమిటీ ఉత్తర్వే. అన్నదమ్ములు, అక్కచెల్లెళ్ల పాత కాగితాలు కూడా అప్పుడే తెప్పించాలి; చనిపోయిన బిడ్డలుంటే వాళ్లవి ముందు.

అపోహ: వార్తలో తల్లి పేరు వేశాం గానీ బిడ్డ పేరు వెయ్యలేదు కదా.

తల్లి పేరు, ఊరు, ఫొటో వేస్తే బిడ్డ ఎవరో ఊరంతటికీ తెలుస్తుంది. లోకల్ యూట్యూబ్ ఛానళ్లు చేసే తప్పు ఇదే. బాల న్యాయ చట్టం 74 ప్రకారం ఆరు నెలల జైలు గానీ, రెండు లక్షల దాకా జరిమానా గానీ, రెండూ గానీ. వార్డులో ఫొటో తీసి వాట్సాప్ గ్రూపులో పెట్టే సిబ్బందికీ ఇదే వర్తిస్తుంది.